ఆ ఒక్క మాట కోసేస్తారనుకున్నాం

నర్సరీకి వెళ్ళడం మొదలుపెట్టి నెల కాలేదు, మా పాప ఈ రోజు వాళ్ళ టీచరుకు చెప్పిందట: మా ఇంట్లో ఇద్దరమ్మలు ఉంటారు, ఒకమ్మ దోసెలు వేస్తుంది, ఇంకో అమ్మ అరుస్తుంది అని. అరిచే అమ్మ ఎవరో వేరే చెప్పక్కర్లేదు. టీచరు నవ్వుతూనే అడిగింది, షేరింగ్‌లో ఉంటారా అని. నేనూ నవ్వుతూనే, "అయ్యో లేదు, మా అక్క వచ్చింది ఇండియా నుంచి, నాలుగు రోజులుండి పోతుంది" అన్నాను. అబద్ధం ఎంత సులువుగా వచ్చిందంటే, అన్నాక నాకే ఆశ్చర్యమేసింది. మెట్రో దిగి ఇంటిదాకా నడుస్తూ మాత్రం రెండుసార్లు వెనక్కి తిరిగి చూశాను.

దోహా పక్కన అల్ వక్రాలో మేముండే ఫ్లాటులో ముందు గది మాది, వెనక గది విజయనగరం వాళ్ళది. ఇంకొన్ని వారాల్లో ఇక్కడ ఫుట్‌బాల్ ప్రపంచకప్పు ఆటలు మొదలవుతాయి. రోడ్లన్నీ పెళ్ళింటి వాకిలిలా ఉన్నాయి. దాంతోపాటే పుకార్లు. షేరింగ్ ఇళ్ళు చూస్తారట, ఖాళీ చేయిస్తారట. ఎవరు చెప్పారంటే ఎవరూ చెప్పలేదు. "నువ్వు ఉట్టిగనే భయపడ్తవ్" అని మా ఆయన పాప పక్కన పడుకుని నిద్రపోయాడు. నేను వంటగది గట్టు మీద కాగితాలు పెట్టుకుని రాయడానికి కూర్చున్నాను. రేపు పాపకి ఏం నేర్పాలో నాకు బాగా తెలుసు. నాకు నేర్పినవే. నేర్పడానికే మనసొప్పడం లేదు.

పన్నెండేళ్ళ కిందట, ఈ దేశానికి ఈ ప్రపంచకప్పు ఆటలు ఇచ్చారని తెలిసిన చలికాలం అది. నేను ఎనిమిదో తరగతి. అప్పుడు మేం ఉమ్ ఘువైలినాలో, మూడో అంతస్తు ఫ్లాటులో ఉండేవాళ్ళం. మేం అంటే రెండు కుటుంబాలం. ఫ్లాటు అంకుల్‌ది. అంకుల్ వాళ్ళది గోదావరి వైపు, ప్రార్థనకు వెళ్ళే కుటుంబం. ఒక పెద్ద కంపెనీ ఆఫీసులో డాక్యుమెంట్ కంట్రోలరుగా చేసేవారు. ఇల్లు కంపెనీ ఇచ్చింది. మా బాపు వేరే కంపెనీలో సైటు ఫోర్‌మన్. ఆయనకు కంపెనీ ఇచ్చేది పనివాళ్ళ క్యాంపులో ఒక మంచం. ఇద్దరూ ఒకప్పుడు ఒకే సైటులో పనిచేశారు. "ఫ్యామిలీని తెచ్చేసుకో తమ్ముడూ, మా ఇంట్లో ఒక గది ఊరికే పడుంది" అని అంకుల్ అన్న ఆ ఒక్క మాటతో అమ్మా, నేనూ, తమ్ముడూ కరీంనగర్ పక్కనున్న మా ఊరు నుంచి దోహా వచ్చిపడ్డాం.

అయితే కంపెనీ ఇల్లు ఉద్యోగి కుటుంబానికే. ఇంకొకరిని పెట్టుకోకూడదు. తెలిస్తే అంకుల్‌కి ఇల్లు పోతుంది, మాకు ఊరి దారి. అందుకని మాకు కొన్ని నియమాలుండేవి. బెల్లు మోగితే మేం తలుపు తీయకూడదు. మా చెప్పులు గది లోపలే విప్పాలి. బళ్ళో అంకుల్‌ని పెదనాన్న అనాలి, ఎందుకంటే రోజూ పొద్దున ఆయనే మమ్మల్ని, వాళ్ళమ్మాయిని కలిపి కారులో దింపేవారు. వాళ్ళమ్మాయి నా క్లాసే. ఇద్దరం ఒకే ఇంటి నుంచి వస్తామని ఎవరికీ చెప్పకుండా ఒకే బెంచీ మీద కూర్చునేవాళ్ళం.

ఏసీ బాగు చేయడానికి కంపెనీ మనుషులు వస్తున్నారని ఫోను వచ్చిందంటే ఇల్లంతా పరుగే. అమ్మ మా దుప్పట్లు చుట్టి ఆంటీ మంచం కింద తోసేది. మిగతావాటిని ఉన్నట్టు వదిలేసి మమ్మల్ని చెరో చేత్తో పట్టుకుని మెట్లు దిగేది. కింద బఖాలా అనే కిరాణా కొట్టు ముందు నిలబడి, ఏమీ కొనకుండా, అద్దంలోంచి బిస్కెట్లు చూస్తూ ఉండేవాళ్ళం. ఒకసారి తమ్ముడు, "అమ్మా, మనం దొంగలమా?" అని అడిగాడు. అమ్మ వాడికి అక్కడికక్కడే ఒక చాక్లెట్ కొనిచ్చింది. 

భయం అలా ఉన్నా, ఆ ఇల్లు బాగుండేది. ఒకటే పొయ్యి. ఒకవైపు ఆంటీ రొయ్యల ఇగురు, రెండోవైపు అమ్మ పచ్చిపులుసు. కింద ఇంటి వాళ్ళు సాయంత్రం వేసే బఖూర్ ధూపం మెట్ల మీదుగా పైకెక్కి మా పోపు వాసనలో కలిసేది. అమ్మ సర్వపిండి చేస్తే అంకుల్ ఆఫీసు బట్టలు విప్పకుండానే వంటింట్లోకి వచ్చేసేవారు.

"చెల్లెమ్మా, ఈ గిన్నెకి అద్ది చిల్లులు పెట్టిన అప్పని మీవాళ్ళు ఎప్పుడు కనిపెట్టారు తల్లీ?"

"తినుండ్రి బావా, గిన్నెకంటుకున్నదే రుచి."

"మీవాళ్ళు కనిపెట్టినవాటిలో ఇదొక్కటే ఒప్పుకుంటాను. మిగతాది సాయంత్రం మాట్లాడుకుందాం."

మిగతాది అంటే టీవీ. డిష్ ఒకటే, టీవీ హాల్లో ఒకటే. ఆ చలికాలం తెలుగు చానెళ్ళన్నిటిలో ఒకటే చర్చ, రాష్ట్రం విడిపోవాలా వద్దా అని. ఇటు నలుగురు, అటు నలుగురు, మధ్యలో కోటు తొడుక్కున్న యాంకరు. వెనక కుర్చీల్లో జనం. మైకు ఒకరి చేతిలోంచి ఒకరు లాక్కునేవారు. బాపు డ్యూటీ నుంచి వచ్చి స్నానం చేసి, అంకుల్ పక్కనే సోఫాలో కూర్చునేవాడు. చర్చ మొదలైన కాసేపటికి ఇద్దరి మధ్యా ఒక జానెడు ఖాళీ వచ్చేది. ఇంకాసేపటికి తమ్ముడు పట్టేంత.

"గాయన చెప్పింది నిజమే గదనే అన్నా!"

"ఏం నిజం తమ్ముడూ? హైదరాబాదు ఒక్కళ్ళు కట్టారా? మా మేనమామ అక్కడే ముప్పాతిక జీవితం పనిచేశాడు."

"చేసిండు, కాదంటలే. ఎవలకు చేసిండు?"

అంతే. గొంతులు లేచేవి. నాకు చేతిలో పుస్తకం కనిపించేది కాదు. అంకుల్ ఒక్కసారి, ఒకే ఒక్కసారి, "నా ఇంట్లో కూర్చుని" అంటే చాలు, మేం వెళ్ళిపోవాల్సిందే కదా అనిపించేది. ఆ మాట ఆయన ఎప్పుడూ అనలేదు. కానీ ప్రతి సాయంత్రం ఇవాళ అంటారేమోనని నేను, అమ్మ చెవులు అటే పెట్టుకుని ఉండేవాళ్ళం. ఆంటీ కూడా అంతే అని తర్వాత తెలిసింది. అందుకే గొంతులు ఒక హద్దు దాటాయంటే ఆంటీ మిక్సీ వేసేది. ఆ మోతలో ఎవరి మాటా ఎవరికీ వినపడేది కాదు. ఇద్దరూ నోళ్ళు మూసి టీవీ వైపు చూసేవారు. ఆ చలికాలం మా ఇంట్లో పచ్చళ్ళకి కొదవ లేదు. కొబ్బరి, పల్లీ, టమాటా, ఏమీ లేకపోతే ఉత్త ఉల్లిగడ్డ.

"అక్కా, ఇంకేం లేవు, శనగపప్పే ఉన్నది" అనేది అమ్మ లోగొంతుకతో.

"వెయ్యమ్మా వెయ్యి. ఇంకా తగ్గలేదు గొంతు."

మేం పిల్లలం మాత్రం గరిటె మైకుగా పట్టుకుని చర్చ ఆడేవాళ్ళం. వాళ్ళమ్మాయి యాంకరు. తమ్ముడు జనం. వాడి పని ఎవరేమన్నా చప్పట్లు కొట్టడం. "చూస్తూనే ఉండండి!" అని గరిటె నా మూతి ముందు పెట్టేది. ఒకరోజు ఆటలో నేను ఆంధ్ర, తను తెలంగాణ అని మార్చుకున్నాం. అంకుల్ నా మాటలు విని పడీ పడీ నవ్వారు. "తమ్ముడూ, మీ అమ్మాయి నాకంటే బాగా వాదిస్తోంది, రేపట్నుంచి నువ్వు వాదించాల్సింది దీనితో" అన్నారు. బాపు కూడా నవ్వాడు. ఆ రోజు మిక్సీ వేయాల్సిన పని పడలేదు.

ప్రపంచకప్పు వార్త వచ్చిన సాయంత్రం కింద రోడ్డు మీద కార్ల హారన్లు ఆగలేదు. జెండాలు కట్టుకుని కుర్రాళ్ళు కిటికీల్లోంచి బయటికి వేలాడుతూ పోయారు. మేమంతా డాబా మీదకెక్కి చూశాం. "ఇంక పదేండ్ల దాకా పనికి ఢోకా లేదు" అన్నాడు బాపు. "పిల్లల చదువైపోద్ది ఇక్కడే" అన్నారు అంకుల్. అమ్మ మర్నాడే గదిలో గోడకి ఇంకో రెండు మేకులు కొట్టించింది. అంతకుముందు మా బట్టలు సూట్‌కేసులోనే ఉండేవి.

ఆ తర్వాతే యాంకరు వస్తున్నాడని తెలిసింది. రోజూ టీవీలో కనిపించే ఆ కోటాయనే. గల్ఫులో ఉన్న తెలుగువాళ్ళు రాష్ట్రం గురించి ఏమనుకుంటున్నారో ఒక ప్రోగ్రాం తీసి, వారం తర్వాత వేస్తాడట. ఒక రెస్టారెంటు మేడ మీద గది మాట్లాడారు. ఊళ్ళో తెలుగువాళ్ళకి పెద్దదిక్కుగా ఉండే ఒకాయన మా ఇంటికి వచ్చి, చాయ్ తాగుతూ బాపుతో చెప్పాడు:

"ఇటు దిక్కు నువ్వు మాట్లాడాలె. అటు దిక్కు ఈయన. మిగతోళ్ళు కూసుంటరు. గని ఒక్కటి గుర్తువెట్టుకోండ్రి. ఈ దేశం ముచ్చట తీయొద్దు. కంపెనీ పేరు తీయొద్దు. క్యాంపు ముచ్చట అసలే తీయొద్దు. మన రాష్ట్రం సంగతి మనం మాట్లాడుకుంటం, అంతే. ఏమన్న తేడా వచ్చిందంటే అందరం విమానం ఎక్కుడే."

ఆ వారమంతా బాపు అద్దం ముందు, అంకుల్ కారులో, ఎవరికి వారు మాటలు నేర్చుకున్నారు. నేనూ వాళ్ళమ్మాయీ చెరొకరికి పరీక్ష పెట్టేవాళ్ళం. "బాపూ, మీ కంపెనీ ఏది?" అని ఉన్నట్టుండి అడిగేదాన్ని. "చెప్పను" అనేవాడు బాపు, పెద్ద గొంతుతో. పాసయ్యాడని తమ్ముడు చప్పట్లు కొట్టేవాడు. ఇల్లు ఎక్కడ అని ఎవరం అడగలేదు. అది అడగాలని ఎవరికీ తట్టలేదు.

శుక్రవారం సాయంత్రం వెళ్ళాం. గదిలో బిర్యానీ వాసన, లైట్ల వేడి. కుర్చీలు రెండు దిక్కులా వేసి మధ్యలో దారి వదిలారు. "తెలంగాణ వాళ్ళు ఇటు, ఆంధ్ర వాళ్ళు అటు" అని యాంకరు చేతులు ఊపాడు. దగ్గర నుంచి చూస్తే ముఖానికి పౌడరు, చెమట. అమ్మా ఆంటీ ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. ఇద్దరికీ కలిపి తెచ్చింది ఒకటే సంచీ, పిల్లల నీళ్ళ సీసా, చిప్స్ అందులోనే. చివరికి ఇద్దరూ ఆఖరి వరసలో, దారికి చెరోపక్కన కూర్చుని, సంచీ దారిలో పెట్టుకున్నారు. తమ్ముడు చిప్స్ కోసం అటూ ఇటూ తిరుగుతుంటే కెమెరా ఆయన కసురుకున్నాడు.

మొదట బాగానే జరిగింది. బాపు లేచి, "మా ఊళ్ళె నీళ్ళుంటె, పనుంటె, ఈ ఎడారిల మేమెందుకుంటం సార్? మా దిక్కు ఇంటికొకడు ఈడ్నే ఉన్నడు. మా రాష్ట్రం మాకుంటె మా పిల్లలన్న ఇటు రాకుంట ఉంటరని ఆశ" అన్నాడు.  అంకుల్ లేచి, "ఆశ మాక్కూడా ఉందండి. కలిసి కట్టుకున్న ఊరు హైదరాబాదు. ఇప్పుడది మీది కాదు అంటే మా పిల్లలు ఎక్కడికెళ్ళాలి?" అన్నారు. రెండిటికీ చప్పట్లు పడ్డాయి. నేను అమ్మ చెయ్యి వదిలాను.

యాంకరుకి అది చాల్లేదు. మైకు మా వైపు వెనక వరసలో ఉన్న ఒక కుర్రాడికి ఇచ్చాడు. ఎండకి నల్లబడిన ముఖం, ఆ ఒక్క రోజుకి ఇస్త్రీ చేసిన చొక్కా. అతను లేవడమే వేలు చూపిస్తూ లేచాడు.

"మీ అసొంటోళ్ళే మా నీళ్ళు, మా కొలువులు ఎత్కపోయిండ్రు! ఈడ గుడ అంతే! ఏసీల కూసునేది మీరు, ఎండల నిలవడేది మేము!"

గదంతా లేచింది. అటువైపు వాళ్ళలో ఎవరో "నోరు జాగ్రత్త!" అన్నారు. కుర్చీ ఒకటి పడింది. యాంకరు పరుగున వచ్చి అంకుల్ ముందు మైకు పెట్టాడు. "చెప్పండి సార్, దోచుకున్నారా లేదా? ఒప్పుకుంటారా?"

అంకుల్ లేచి నిలబడ్డారు. తల దించుకున్నారు. చెయ్యి జేబులో పెన్నుని పట్టుకుంది. ఆయన వైపు వాళ్ళు ఆ కుర్రాడితో గొడవ పడుతున్నారు తప్ప ఆయన్ని ఎవరూ చూడటం లేదు. మా వైపు వాళ్ళు "జవాబ్ చెప్పాలె! జవాబ్ చెప్పాలె!" అని అరుస్తున్నారు. కెమెరా ఆయన ముఖానికి దగ్గరగా వెళ్ళింది. దారికి అవతల ఆంటీ కళ్ళు మూసుకుని పెదాలు కదుపుతోంది.

అప్పుడు బాపు మళ్ళీ లేచాడు. ఎవరూ మైకు ఇవ్వలేదు. మైకు అక్కర్లేని గొంతు అది, సైటులో పై అంతస్తుకి వినపడే గొంతు.

"ఏయ్ పోరడా, కూసో! ఆయన్ననకు. నా పిల్లలను రోజు బడికి తోలుకపోయేది ఆయననే. ఒక్కటే ఇంట్ల ఉంటున్నం మేము, ఒక్కటే పొయ్యి మీద వండుకుంటున్నం. ఆయన కంపెనీ ఇచ్చిన ఇంట్ల నాకో గది ఇచ్చిండు. నా రాష్ట్రం నాకు గావాలె, అదొకటి. ఈయన నా అన్న, ఇదొకటి. రెండు కలపకు!"

గది చల్లబడింది. ఆ కుర్రాడు నిజంగానే కూర్చున్నాడు. ఒక్క క్షణం తర్వాత రెండు వైపుల నుంచీ చప్పట్లు. ఎక్కడుంటారు అని యాంకరు అడిగితే, "ఈడ్నే, ఉమ్ ఘువైలినాల" అన్నాడు బాపు. ఏ కంపెనీ అని అడిగితే మాత్రం ఛాతీ విరిచి, "అది చెప్పను" అన్నాడు.

తిరిగి వచ్చేటప్పుడు కారులో అందరం ఇరుక్కుని కూర్చున్నాం. అంకుల్ ఒక చేత్తో నడుపుతూ రెండో చెయ్యి బాపు భుజం మీద వేశారు.  అమ్మ కొంగుతో కళ్ళు తుడుచుకుంటోంది. ఎర్ర లైటు దగ్గర కారు ఆగినప్పుడు ఆంటీ వెనక సీట్లోంచి మెల్లగా అంది:

"ఏవండీ, మరిదిగారు ఆ ఇల్లు మాట అన్నారు కదా. అది కూడా వేస్తారంటారా టీవీలో?"

పచ్చ లైటు పడింది. వెనక కార్లు హారన్లు కొడుతున్నా అంకుల్ కదల్లేదు.

ఆ వారమంతా మా ఇంట్లో టీవీ పెట్టినా ఎవరూ వాదించలేదు. బాపు మొదటి రోజే పెద్దాయనకు ఫోను చేశాడు, ఆ ఒక్క ముక్క తీసేయమని యాంకరుకు చెప్పమని. "అగో, గదే మస్తు పండిందన్నడు ఆయన! అది తీసేయమంటవేంది? సరే, చెప్పి చూస్త" అన్నాడాయన. బాపు అన్నం సగంలో వదిలేశాడు.

అంకుల్ మాత్రం ధైర్యం చెప్పారు. "వాడి ప్రోగ్రాములు చూడ్డంలేదూ తమ్ముడూ మనం? ఎప్పుడైనా మంచిమాట వేశాడా? కొట్టుకున్నదే వేస్తాడు. కలిసున్నాం అంటే ఎవడు చూస్తాడండి? కోసేస్తాడు, చూడు."

రెండు రోజుల తర్వాత ప్రోమో వచ్చింది. ఆ కుర్రాడి వేలు, పడిపోయిన కుర్చీ, తల దించుకున్న అంకుల్ ముఖం, దాని మీద ఎర్రటి అక్షరాలతో "దోచుకున్నది ఎవరు?" అని. మళ్ళీ మళ్ళీ అదే వేశారు. బాపు ముఖం తిప్పేసుకున్నాడు. అంకుల్ మాత్రం నవ్వారు. "చెప్పానా! మనవాడు గొడవే వేస్తున్నాడు."

"ఊరంతా చూస్తారు, మీ ముఖం అలా వేశారు" అంది ఆంటీ.

"చూడనియ్యవే. పరువు పోతే పోయింది. ఇల్లుంటే చాలు."

తమ మనిషే దొంగ అనిపించుకోవాలని నలుగురు పెద్దవాళ్ళు అంత ఆశగా ఎదురుచూడటం నేను ఇంకెక్కడా చూడలేదు. ఆంటీ మోకాళ్ళ మీద ప్రార్థించింది. అమ్మ రాజన్నకు మొక్కుకుంది. ఇద్దరూ అడిగింది ఒకటే, ఆ ఒక్క మాట కోసేయాలని.

ప్రోగ్రాం వేసిన రోజు అందరం హాల్లో కూర్చున్నాం. బాపు మాటలు సగమే వేశారు. అంకుల్‌వి ఇంకా తక్కువ. గొడవంతా వేశారు. ప్రకటనలు వచ్చాయి. మళ్ళీ గొడవ. టైము దాదాపు అయిపోయింది. అంకుల్ సోఫాలో వెనక్కి వాలి, "చాయ్ పెట్టవే" అన్నారు. ఆంటీ లేవబోయింది.

అప్పుడు వేణువు మొదలైంది. తెర మీద బాపు మెల్లగా లేచాడు, ఆ లేవడాన్ని సాగదీసి చూపించారు. ఒక్కటే ఇల్లు, ఒక్కటే పొయ్యి, ఆయన కంపెనీ ఇచ్చిన ఇల్లు, ఉమ్ ఘువైలినా. ఒక్క అక్షరం కోయలేదు. చివర్లో బాపునీ అంకుల్‌నీ ఒకే తెర మీద పక్కపక్కన పెట్టి, బొమ్మ ఆపేసి, యాంకరు కళ్ళు తుడుచుకుని నమస్కారం పెట్టాడు.

 ఆంటీ అలవాటుగా మిక్సీ వైపు నాలుగడుగులు వేసి ఆగిపోయింది. ఆపాల్సిన గొంతులు లేవు.

వెంటనే ఫోన్లు మొదలయ్యాయి. ఊరి నుంచి నాయనమ్మ, ఆమెకి గల్ఫంతా దుబాయే. "దుబాయ్ల నా కొడుకు టీవీల వచ్చిండని ఊరంత మనింటి ముందలే ఉన్నరు బిడ్డా! మస్తు మాట్లాడినవ్ కొడుకా!" గోదావరి నుంచి అంకుల్ వాళ్ళక్క ఏడుస్తూ బాపుని అడిగి మరీ మాట్లాడింది. "నలుగురిలో మా తమ్ముడి పరువు నిలబెట్టావు బాబూ, మీ ఇద్దరూ ఇలాగే కలిసుండాలి." బాపు ఫోను చెవి దగ్గర పెట్టుకుని, "ఉంటం అక్కా, ఉంటం" అంటూనే ఉన్నాడు.

ఆదివారం అంకుల్ ఆఫీసు నుంచి తొందరగా వచ్చేశారు. బూట్లు విప్పకుండా కుర్చీలో కూర్చున్నారు. ఎవరూ చాడీలు చెప్పలేదు. ఆఫీసులో ఇంకో తెలుగాయన సంబరం పట్టలేక ఆయన్ని కౌగిలించుకుని, పక్కనే ఉన్న అడ్మిన్ మేనేజరుకి ఇంగ్లీషులో విడమరిచి చెప్పాడట, చూడండి సార్, మావాళ్ళు అక్కడ కొట్టుకుంటుంటే ఈయన తన ఇంట్లో అవతలి వైపు కుటుంబానికి చోటిచ్చాడు, ఎంత గొప్ప మనిషో అని. మేనేజరు అంకుల్‌తో చెయ్యి కలిపాడు. చాలా బాగుందన్నాడు. ఆ తర్వాత గదిలోకి పిలిచి, నెల లోపల వాళ్ళు వెళ్ళకపోతే ఇల్లు వెనక్కి ఇచ్చేయాలన్నాడు.

"ఇచ్చేస్తాను తమ్ముడూ" అన్నారు అంకుల్. "బయట ఇల్లు చూసుకుందాం. ఇద్దరం కలిసే."

ఆంటీ నేల వైపు చూసింది. వాళ్ళబ్బాయి ఒకడు ఇండియాలో హాస్టల్లో ఇంజినీరింగు చదువుతున్నాడు. ఆమె తప్పుగా ఏమీ అనుకోలేదు, నాకు తెలుసు. ఆ ఒక్క క్షణం ఖర్చు లెక్కేసుకుంది, అంతే. ఇప్పుడు నాకో పాప పుట్టాక, ఆ చూపు ఇంకా బాగా అర్థమవుతోంది. ఆ రోజు దాన్ని బాపు కూడా చూశాడు.

"వద్దన్నా. పిల్లల పరీక్షలయినంక వీళ్ళను పంపిస్త. నేను క్యాంపుకు పోత. గంతే."

"ఏంది గంతే?" అంది అమ్మ. ఆ ఇంట్లో అమ్మ గొంతు పెరగడం అదే మొదటిసారి. "నన్నడిగినవా? పిల్లలనడిగినవా? పదేండ్లు ఢోకా లేదంటివి!"

 అమ్మ గదిలోకి వెళ్ళి గోడ మేకులకున్న బట్టలన్నీ ఒక్కొక్కటే తీసి మడతపెట్టింది. ఇంకా పరీక్షలు రాలేదు. వెళ్ళడానికి చాలా రోజులుంది. అయినా ఆ సాయంత్రమే మడతపెట్టింది.

కంపెనీకి ఏదో సర్దిచెప్పి పరీక్షల దాకా గడువు తెచ్చారు అంకుల్. ఎయిర్‌పోర్టుకి ఆయనే తీసుకెళ్ళారు. వాళ్ళమ్మాయి నాకు తన జామెట్రీ బాక్స్ ఇచ్చింది, నాది తను తీసుకుంది. రెండూ ఒకలాంటివే. చెకింగ్ దగ్గర బాపు తమ్ముణ్ణి ఎత్తుకుని ఎంతకీ దించలేదు. పెద్దవాడయ్యాడు వాడు, కాళ్ళు బాపు మోకాళ్ళదాకా వేలాడుతున్నాయి. చివరికి అంకులే, "దించు తమ్ముడూ, టైమైపోయింది" అని వాణ్ణి తీసుకుని నా చేతికిచ్చారు.

ఆ తర్వాత బాపుని నేను చూసింది రెండేళ్ళకోసారి, సెలవు దొరికినప్పుడు ఒక నెల. బాపు అడిగిన రాష్ట్రం వచ్చింది. ఆ రోజు సాయంత్రం ఆయన డ్యూటీ నుంచి అటే అంకుల్ వాళ్ళింటికి వెళ్ళాడట. ఇద్దరూ టీవీ చూశారట. ఏం మాట్లాడుకున్నారు అని ఫోన్లో అడిగితే, "ఏం మాట్లాడలే. వదిన రొయ్యలు వండింది, తిన్నం" అన్నాడు. ఈ ఊళ్ళో స్టేడియాలు లేస్తున్న కాలమంతా ఆయన క్యాంపు మంచం మీదే గడిపాడు. నా చదువు, నా పెళ్ళి మాటలు, తమ్ముడి కాలు విరగడం, అన్నీ ఫోన్లోనే.

ఆయన పని మానేసి వచ్చేసిన ఏడాదే నేను పెళ్ళి చేసుకుని ఇటు బయల్దేరాను. శంషాబాద్ ఎయిర్‌పోర్టులో, బయట చాయ్ బండి దగ్గర, ఎప్పట్నుంచో అడగాలనుకున్నది అడిగేశాను.

"బాపూ, ఆ రోజు నువ్వా మాట అనకుంటే మనం ఇంకా కొన్నేండ్లు అందరం కలిసి ఉండేటోళ్ళం గదా."

బాపు తొణకలేదు. నేను అడుగుతానని ఎన్నో ఏళ్ళుగా ఎదురుచూస్తున్నట్టే ఉన్నాడు. చాయ్ ఊదుకుని ఒక గుక్క తాగాడు.

"ఉండేటోళ్ళం" అన్నాడు. "అందరు ఒర్రుతున్నరు బిడ్డా. ఆయన ఒక్కడే నిలవడ్డడు. నేను కూసుండి సూస్తే, ఇంటికచ్చినంక ఏ మొకం వెట్టుకోని ఆ ఇంట్ల అన్నం తిందును? కలిసైతే ఉండేటోళ్ళమే. గని ఎట్ల ఉండేటోళ్ళం?"